రాయిని పగలగొట్టని బలం గుడిసె మీదికి

క్వారీలో సైరన్ కూస్తుంది. కాసేపటికి కాళ్ల కింద నేల ఒక్కసారి అదురుతుంది. ఉట్టి మీద కుండ ఊగుతుంది, గూట్లో గిన్నెలు గలగలమంటాయి, పైకప్పు నుంచి మట్టి రాలుతుంది. మర్నాడు చూస్తే తలుపు మూల నుంచి గోడ మీద వాలుగా ఒక బీట. వెళ్లి అడిగితే వచ్చే జవాబు ఒక్కటే: "మీది పాత గోడ. దానంతట అదే పగిలింది. మా మందు రాయిని పేలుస్తుంది గాని, మీ ఇంటిని కాదు."

ఈ జవాబులో నిజమెంత? కంకర క్వారీల పక్కన బతికే ప్రతి కూలీ కుటుంబం ఇది తెలుసుకోవాలి. ఎందుకంటే గోడను పగలగొట్టే అదురుకు ఒక కొలత ఉన్నది, ఒక హద్దు ఉన్నది. కొలిచి చూపించమని అడిగేవాళ్లు లేకనే పాత గోడ మాట చెల్లుబాటవుతున్నది.

రాయి ఎట్లా పగులుతుంది?

హోలులో కూరిన మందు కట్టెలా కాలదు. పేలుడు ఆ మందు గుండా సెకనుకు మూడు నాలుగు కిలోమీటర్లు, కొన్ని రకాల మందులో ఐదు కిలోమీటర్ల పైచిలుకు వేగంతో దూసుకుపోతుంది. ఆ దెబ్బకు హోలు చుట్టూ ఉన్న రాయి ముందు పిండి అవుతుంది. అక్కడి నుంచి ఒత్తిడి అల రాతిలోకి బయలుదేరుతుంది. గట్టి గ్రానైటులో అది సెకనుకు సుమారు ఐదు కిలోమీటర్లు పోతుంది.

రాయికి ఒక గుణం ఉన్నది. నొక్కితే ఓర్చుకుంటుంది, లాగితే ఓర్చుకోలేదు. లాగుడుకు దాని బలం నొక్కుడుకున్న బలంలో పదో వంతు, కొన్ని రాళ్లలో ఇంకా తక్కువ. గోలీలు వరసగా ఆనించి పెట్టి ఈ చివర కొడితే ఏమవుతుంది? మధ్యవి కదలవు, ఆ చివర గోలీ ఎగిరిపోతుంది. బండలోనూ అంతే. ఒత్తిడి అల బండ ముఖం దాకా వెళ్లి, ముందు ఖాళీ ఉండేసరికి, లాగుడు అలగా మారి వెనక్కు తిరుగుతుంది. ఆ లాగుడుకు రాయి పొరలుగా ఊడుతుంది. వెనకనే వేడి వాయువు బీటల్లోకి దూరి, ఉలి దిగ్గొట్టినట్టు వాటిని వెడల్పు చేసి బండలను ముందుకు తోస్తుంది.

కాబట్టి పని సక్రమంగా జరగాలంటే ముందు ఖాళీ ఉండాలి, పగలాల్సిన రాయి మందుకు తగినంతే ఉండాలి, హోలు మూతి మట్టితో గట్టిగా కూరాలి. ముందు రాయి మరీ ఎక్కువ మిగిల్చితే అది కదలదు. బలం నేల పట్టుకుని ఊరి వైపు పోతుంది. మూతి సరిగా కూరకపోతే వాయువు పైకి చిమ్ముతుంది. శబ్దం పెరుగుతుంది, రాళ్లు పొలాల మీదికి లేస్తాయి. రాయిని పగలగొట్టని బలం ఎక్కడికీ మాయమైపోదు. అది ఊరి మీదికి వస్తుంది.

అదురు ఊరికి ఎట్లా చేరుతుంది?

క్వారీకి దూరంగా పోయిన అలకు రాయిని పగలగొట్టే శక్తి ఉండదు. నేలను ముందుకూ వెనక్కూ, పైకీ కిందికీ ఊపుతూ పోతుంది. ఆ ఊపులో నేల సెకనుకు ఎన్ని మిల్లీమీటర్ల వేగంతో కదిలిందన్నదే అదురుకు కొలత. దూరం రెట్టింపైతే అదురు సుమారుగా మూడో వంతుకు పడిపోతుంది.

దూరం ఒక్కటే లెక్క కాదు, ఒకే క్షణంలో ఎంత మందు పేలిందన్నది కూడా లెక్కే. ఒకేసారి పేలే మందు నాలుగు రెట్లయితే క్వారీ సగం దూరానికి జరిగినట్టు. అంటే 600 మీటర్ల అవతల ఉన్న క్వారీ 300 మీటర్లకు వచ్చినట్టు. ఇరవై హోళ్లు, హోలుకు 25 కిలోల మందు అనుకుందాం. ఒక్కో హోలూ సెకనులో వెయ్యో వంతులు ఇరవై, పాతిక ఎడంతో పేలేట్టు డిలే డిటోనేటర్లు పెడితే ఊరికి తగిలేది పాతిక కిలోల దెబ్బలు. అన్నీ ఒకేసారి పేలిస్తే 500 కిలోల దెబ్బ. క్వారీ ఊరికి నాలుగో వంతు దూరానికి వచ్చినట్టే!

డిలేకు ఖర్చవుతుంది, ఓపిక కావాలి, లెక్క తెలిసిన సర్టిఫికెట్ బ్లాస్టరు కావాలి. అక్కడ మిగుల్చుకున్న డబ్బుకు కూలీ ఇంటి గోడ మూల్యం చెల్లిస్తున్నది.

గోడ ఎందుకు ఓర్చుకోదు?

మట్టి గోడయినా, ఇటుక గోడయినా రాయి లాంటిదే. నెత్తిన కప్పు మోస్తుంది, లాగితే విడిపోతుంది. తలుపు, కిటికీ మూలల దగ్గర ఆ లాగుడు పోగుపడుతుంది. వాలు బీట అక్కడే మొదలవుతుంది.

ఇంకొక సంగతి. ఉయ్యాలను దాని ఊపు చూసి తోస్తే చిన్న తోపులకే పెద్దగా ఊగుతుంది. చిన్న ఇళ్ల సొంత ఊపు సుమారుగా సెకనుకు నాలుగు నుంచి పన్నెండు సార్లు. నేల కూడా అదే ఊపులో కదిలితే ఇల్లు మరింత ఊగుతుంది. అందుకనే గనుల భద్రతా డైరెక్టరేట్ 1997లో పెట్టిన హద్దుల్లో మెల్లని ఊపుకు కట్టడి ఎక్కువ. గని యజమానివి కాని ఇళ్లకు, సెకనుకు ఎనిమిది ఊపుల లోపైతే హద్దు 5 మిల్లీమీటర్లు. ఎనిమిది నుంచి పాతిక దాకా 10. ఆ పైన 15. ఈ లెక్కలో కచ్చా ఇళ్లను కూడా పేరుపెట్టి చేర్చారు. యజమాని సొంత కట్టడాలకు మెల్లని ఊపులో 10 మిల్లీమీటర్ల దాకా ఒప్పుకున్నారు. అంటే పక్కవాడి ఇంటికి ఎక్కువ రక్షణ కావాలని అధికారులే అన్నారు. "కచ్చా గోడ గనక పగిలింది" అనే సాకు ఇక ఎక్కడ నిలుస్తుంది?

గాలి దెబ్బ వేరు. గాలి ఒత్తిడి అల తలుపులను, రేకులను అదరగొడుతుంది. పొద్దున్నే నేల దగ్గర చల్లగాలి, పైన వెచ్చని గాలి ఉన్నప్పుడు ఆ అల పైకి పోకుండా కిందికి వంగి దూరాన తగులుతుంది. మధ్యాహ్నం పేల్చితే ఈ బాధ తగ్గుతుంది.

ఇదంతా అదుపులో ఉన్న పేలుడు. అదుపు తప్పితే ఏమవుతుందో చూశాం. 2018 ఆగస్టు 3న కర్నూలు జిల్లా హత్తి బెళగల్ క్వారీలో పదిమందికి తక్కువ కాకుండా వలస కూలీలు చనిపోయారు. 2021 జనవరి 21 రాత్రి కర్ణాటకలోని శివమొగ్గ దగ్గర హుణసోడులో క్వారీ మందు పేలితే పక్క జిల్లాల జనం భూకంపమనుకుని బయటికి పరిగెత్తారు. అదే ఏడాది మే 8న కడప జిల్లా మామిళ్లపల్లె గని దగ్గర మందు దించుతుండగా పేలి కనీసం తొమ్మిదిమంది పోయారు. అదురు ఊరికి, చావు కూలీకి!

ఏం చేయాలి?

ముందు మనం నిజాయితీగా లెక్క చూసుకోవాలి. సెకనుకు ఒక మిల్లీమీటరు లోపు కదలిక కూడా మనిషికి తెలుస్తుంది. కాబట్టి అదిరిందంటే గోడ దెబ్బతిన్నట్టే కాదు. నల్లరేగడి నేలలో వానకు ఉబ్బి ఎండకు కుంగడం వల్ల కూడా గోడలు పగులుతాయి. బావి ఎండడానికి తరచుగా అసలు కారణం అదురు కాదు. క్వారీ గుంత నీటిమట్టం కంటే లోతుకు పోయి, అక్కడ ఊరే నీటిని ఇంజన్లతో తోడేయడం. ఏది ఏమిటో విడదీసి చెప్పినప్పుడే మన మాటకు విలువ.

పాత బీటలో దుమ్ము, సాలెగూడు, సున్నం ఉంటాయి. కొత్త బీట అంచులు శుభ్రంగా ఉంటాయి. బీటకు అడ్డంగా కాగితం అంటించి తేదీ రాయండి. పేలుడు రోజున చిరిగితే అదొక సాక్ష్యం. పేలిన రోజు, వేళ పుస్తకంలో ఎక్కించండి. కొత్త క్వారీ వస్తున్నదంటే మొదటి పేలుడుకు ముందే ఇళ్లన్నిటినీ ఫొటోలు తీయించండి.

తర్వాత అడగాల్సింది గట్టిగా అడగండి. ఊళ్లో క్వారీకి దగ్గరి ఇంటి ముందు అదురు కొలిచే సీస్మోగ్రాఫ్ పెట్టాలి. వచ్చిన అంకె పంచాయతీ ముందు చదవాలి. డిలేకు ఎన్ని కిలోలు పేల్చారో చెప్పాలి. చిన్న క్వారీ గనక నిబంధనలు వర్తించవంటే, 2025 దాకా అమలులో ఉండి చిన్న క్వారీలకు మినహాయింపు ఇచ్చిన 1952 గనుల చట్టం కూడా పేలుడు మందు వాడితే ఆ మినహాయింపు లేదన్నదని గుర్తుచేయండి.

క్వారీలో హోలు కొట్టేదీ మన కూలీయే, ఊళ్లో గోడ పగిలేదీ మన కూలీదే. కంకర పని ఆపమని కాదు మనం అడిగేది. ఆ పనే వందలమందికి కూడు. తగిన మందు, తగిన డిలే, తగిన మట్టి మూత, అంకెతో సహా లెక్క. హోలు మూతి దగ్గర పని సరిగా జరిగితే అక్కడి కూలీ ప్రాణమూ దక్కుతుంది, ఊళ్లో గోడా నిలుస్తుంది.