వృత్తిక్రీడలలో పోషకుడు, పాలకుడు: ఒక చలనచిత్ర పరిశోధన

గద్వాల, వనపర్తి సంస్థానముల వాఙ్మయచరిత్ర నెఱిగినవారికి పోషణము యొక్క విలువను ప్రత్యేకించి చెప్పనక్కఱలేదు. గద్వాలకు ‘విద్వద్గద్వాల’ యను ప్రశస్తి వచ్చినది పండితపోషణము వలననే. ఆటకును పోషకుడు కావలయును. కాని ధనమిచ్చినవాడే జట్టును, నియమములను, తీర్పును శాసించిన నేమగును?

తెలుగువారికి ఈ ప్రశ్న క్రొత్తది కాదు. విజయనగర మహారాజకుమారుడు విజయానంద గజపతి 1930–31లో హాబ్స్, సట్‌క్లిఫ్ వంటి మేటి ఆటగాండ్రను స్వవ్యయముతో భారతదేశమునకు రప్పించిన యుదారుడు. ఆ యుదారుడే 1936లో ఇంగ్లండునకు వెడలిన భారత జట్టునకు నాయకుడయ్యెను. మూడు టెస్టులలో నాయన చేసిన పరుగులు 33. భారతదేశము తరఫున తొలి టెస్టు శతకము సాధించిన లాలా అమర్‌నాథ్‌ను, ఆ పర్యటనమందే, క్రమశిక్షణ పేరిట ఒక్క టెస్టైన నాడకముందే ఇంటికి త్రిప్పిపంపిరి.

పిమ్మట సంస్థానములు పోయినవి. వాని స్థానమున కంపెనీలు వచ్చినవి. ఈ మార్పు ఫలితమును పరిశోధించిన డాక్యుమెంటరీ చిత్రము ‘డెత్ ఆఫ్ ఎ జెంటిల్‌మన్’ 2015లో వెలువడినది. దీనిని నిర్మించిన సామ్ కాలిన్స్, జారడ్ కింబర్ అను క్రికెట్టు రచయితలు టెస్టు ఆట నిలుచునా యను ప్రశ్నతో బయలుదేరిరి. నడుమనే ప్రశ్న మాఱినది: ఈ ఆటకు యజమాను లెవరు? పరిశోధకునకు ఇట్టి దారి మార్పు దోషము కాదు. నా దృష్టిలో చిత్రమునకు బలము నిచ్చినది అదియే.

అంతర్జాతీయ మండలికి స్వతంత్ర నిర్వహణము కావలయునని 2012లో లార్డ్ వూల్ఫ్ నివేదిక సూచించెను. మండలి దాని నంగీకరింపలేదు. 2014లో భారత, ఇంగ్లండు, ఆస్ట్రేలియా బోర్డులు అధికారమున, ఆదాయమున పెద్దపాలు తమకు జేర్చుకొన్నవి. 2017లో ఆ యేర్పాటును సవరించిరి. ఆ 2014లోనే మండలి యధ్యక్షుడైన ఎన్. శ్రీనివాసన్ అప్పుడు ఇండియా సిమెంట్స్ అధిపతిగా నుండెను. చెన్నై జట్టు అప్పుడు ఆ కంపెనీదిగానే యుండెను. 1998లో మన రాశీ సిమెంటును కొన్నదియు ఆ కంపెనీయే. బోర్డు నిర్వాహకులు జట్లను గలిగి యుండుటకు 2008లో నియమమునే సవరించిరి. 2015 జనవరిలో సుప్రీంకోర్టు ఆ సవరణమును కొట్టివేసినది. ఇది లంచముల కథ కంటె నియమావళి కథ. అందుచేతనే తెరపై చూపుట కష్టము.

ఇదంతయు దూరపు సంగతి యని మనవారు తలపరాదు. 2016లో జిల్లాలైన గద్వాల, వనపర్తి, నాగర్‌కర్నూలులలోని బాలుడు రాష్ట్ర జట్టునకు బోవలెనన్న దారి హైదరాబాదు క్రికెట్టు సంఘము గుండనే. ఆ సంఘమున వోట్లలో నధికభాగము క్లబ్బులవి. సుప్రీంకోర్టు నియమించిన విశ్రాంత న్యాయమూర్తి ఎల్. నాగేశ్వరరావు, కొలది వ్యక్తులును కుటుంబములును పెక్కు క్లబ్బులను చేతనుంచుకొన్నట్లు గుర్తించి, 2023లో 57 క్లబ్బులను ఎన్నికకు దూరముగా నుంచిరి. ఇచ్చట నిట్టి చిత్రమును దీయబూనువాడు మైదానమునకు బోవుటకు ముందు ఆ వోటర్ల పట్టికను చదువవలసి యుండును.