గుహ కప్పుకు వేలాడే నీలి చుక్కలు: వెలుగే వల

న్యూజిలాండ్ ఉత్తర దీవిలో వైటోమో అనే సున్నపురాయి గుహ ఉంది. లోపలి వాగు మీద పడవలో చీకట్లోకి వెళ్తే, తల పైన నక్షత్రాల ఆకాశం లాంటిది కనిపిస్తుంది. వేల సంఖ్యలో నీలి ఆకుపచ్చ చుక్కలు కదలకుండా వెలుగుతుంటాయి. ఆ చుక్కల్లో ప్రతి ఒక్కటీ ఎర కోసం కాచుకుని ఉన్న ఒక పురుగు. దాని చుట్టూ జిగురు దారాలు వేలాడుతుంటాయి.

ఈ జీవి శాస్త్రీయ నామం అరాక్నోకాంపా లూమినోసా. సాలీడు వంటి, వెలిగే పురుగు అని ఆ పేరుకు అర్థం. మావోరీలు దీన్ని టిటివై అంటారు. ఇది న్యూజిలాండ్‌లో తప్ప మరెక్కడా సహజంగా కనిపించదు. దీని దగ్గరి బంధువులు ఆస్ట్రేలియాలో ఉన్నాయి.

నోరు పనిచేయని పెద్దలు

నిజానికి ఇది దోమను పోలిన, రెండు రెక్కల కీటకం లార్వా దశ. గుడ్డు నుంచి బయటికి వచ్చేటప్పుడు కొన్ని మిల్లీమీటర్లే ఉండే లార్వా, 6 నుంచి 12 నెలల్లో 3 సెంటీమీటర్లకు పైగా పెరుగుతుంది. తర్వాత రెండు వారాల పాటు ప్యూపాగా ఉండి, రెక్కల కీటకంగా మారుతుంది. రెక్కలొచ్చాక దాని నోరు పనిచేయదు. కొద్ది రోజుల్లోనే జతకట్టి, గుడ్లు పెట్టి చనిపోతుంది. అంటే జీవితానికంతటికీ కావలసిన ఆహారం లార్వా దశలోనే సంపాదించుకోవాలి. దీని వెలుగు వెనుక ఉన్న అవసరం ఇదే.

లార్వా గుహ కప్పుకు పట్టుగూడు లాంటి గొట్టం అల్లుకుంటుంది. దాని నుంచి పదుల సంఖ్యలో పట్టుదారాలను కిందికి వేలాడదీస్తుంది. గాలి కదలని గుహల్లో ఇవి 30 సెంటీమీటర్లు దాటి పొడవు పెరుగుతాయి. ప్రతి దారం మీద పూసల్లా జిగురు బిందువులు ఉంటాయి. వెలుగు వైపు ఎగిరొచ్చిన చిన్న కీటకం ఈ దారాలకు అంటుకుంటుంది. దారం కదలగానే లార్వా దాన్ని పైకి లాక్కుని తింటుంది. దారాలు పొడవుగా ఉండేది గాలి నిశ్చలంగా ఉన్నచోటే. గాలి వీస్తే అవి ఒకదానికొకటి చిక్కుకుపోతాయి. తేమ తగ్గితే జిగురు ఎండిపోతుంది.

ఏ ఇంధనంతో వెలుగుతుంది?

మిణుగురు మనకు బాగా తెలిసిన జీవి. రెండూ వెలుగును ఒకే రకం రసాయన పద్ధతిలో పుట్టిస్తాయి. లూసిఫెరిన్ అనే పదార్థం, లూసిఫరేజ్ అనే ఎంజైమ్ సాయంతో, ఆక్సిజన్‌తో కలిసినప్పుడు వెలుగు వస్తుంది. ఏటీపీ అణువు కూడా ఇందులో పాల్గొంటుంది. కానీ ఇక్కడ ఒక తేడా ఉంది. రెండింటి లూసిఫరేజ్‌లూ ఒకే కుటుంబానికి చెందినవే అయినా, లూసిఫెరిన్ మాత్రం వేరు. మిణుగురు పసుపు ఆకుపచ్చగా వెలిగితే, గుహ పురుగు వెలుగు సుమారు 488 నానోమీటర్ల దగ్గర, నీలి ఆకుపచ్చ రంగులో ఉంటుంది. పరిణామంలో రెండు దారులు విడివిడిగా ఒకే ఉపాయానికి చేరాయన్నమాట.

ఇందులో భౌతికశాస్త్రం లెక్క కూడా ఆసక్తికరమే. ఈ రంగు ఫోటాన్ ఒక్కదానికి సుమారు 2.5 ఎలక్ట్రాన్ వోల్టుల శక్తి కావాలి. కణంలో ఒక ఏటీపీ అణువు విడుదల చేసేది దాదాపు అర ఎలక్ట్రాన్ వోల్టు మాత్రమే. మిగతా శక్తి ఆక్సిజన్‌తో జరిగే చర్య నుంచి వస్తుంది. ఏటీపీ ఆ చర్యకు లూసిఫెరిన్‌ను సిద్ధం చేస్తుంది.

వెలుగు పుట్టే అవయవం కూడా వింతైనదే. కీటకాలు శరీరంలోని వ్యర్థాలను విసర్జించడానికి వాడుకునే మాల్ఫీజియన్ నాళికల చివరలే ఈ జీవిలో దీపంగా మారాయి.

ఎర బయటి నుంచే వస్తుంది

గుహలో సూర్యరశ్మి లేదు, చెట్లు లేవు. మరి ఆహారం ఎక్కడిది? వాగే తెస్తుంది. బయటి అడవి నుంచి ఆకులు, కీటకాల పిల్లలు నీటితో పాటు కొట్టుకొస్తాయి. నీటి అడుగున పెరిగిన చిన్న కీటకాలు రెక్కలొచ్చాక గాలిలోకి లేస్తాయి. చీకట్లో పైన కనబడే వెలుగు వైపు ఎగిరి, వలలో పడతాయి. మరోవైపు ఈ పురుగులనూ తినే జీవులున్నాయి. సాలీడును పోలిన పొడవు కాళ్ల హార్వెస్ట్‌మన్‌లు వీటిని వేటాడతాయి. ఒక రకం శిలీంధ్రం కూడా వీటిని చంపుతుంది.

అంటే పైన పొలాల్లో మట్టి కోతకు గురై వాగులోకి చేరితే, కీటకాల ఆవాసం పాడవుతుంది. ఎర తగ్గితే వెలుగూ తగ్గుతుంది. అందుకే వైటోమో వాగు పరీవాహక ప్రాంతంలో చెట్లు నాటి, పశువులు ఒడ్డుకు చేరకుండా కంచెలు వేస్తూ వచ్చారు.

మన ఊపిరికీ లెక్కుంది

1887లో మావోరీ నాయకుడు టానే టినోరావు, సర్వేయర్ ఫ్రెడ్ మేస్ కలిసి ఈ గుహను కొవ్వొత్తుల వెలుగులో పరిశీలించారు. 1889 నుంచి సందర్శకులు రావడం మొదలైంది. 1970ల్లో గుహలో గాలి ప్రవాహం మారి, తేమ తగ్గి, వెలుగులు సన్నగిల్లాయి. 1979లో కొన్ని నెలలు గుహను మూసేశారు. ఆ తర్వాత గాలి రాకపోకలను తలుపులతో నియంత్రించడం మొదలుపెట్టారు.

ఇక్కడ మరో సమస్య మన ఊపిరి. మనం వదిలే గాలిలో దాదాపు 4 శాతం కార్బన్ డయాక్సైడ్ ఉంటుంది. గుహ గాలిలో అది పేరుకుంటే, నీటిలో కరిగి బలహీనమైన ఆమ్లంగా మారుతుంది. ఆ ఆమ్లం సున్నపురాతిని తినేస్తుంది. అందుకే వైటోమోలో కార్బన్ డయాక్సైడ్‌కు 2,400 పిపిఎం గరిష్ఠ పరిమితిగా పెట్టుకుని, దాన్ని కొలిచే పరికరాలు అమర్చారు.

మన బొర్రా, బేలం గుహల్లో ఈ వెలిగే పురుగులు లేవు. కానీ అవీ సున్నపురాయి గుహలే కాబట్టి, ఆమ్లం చేసే పని అక్కడా ఒకటే. వైటోమోలో గుహ ఆరోగ్యం చెడితే కప్పు మీద చుక్కలు ఆరిపోయి కనిపెట్టొచ్చు. అలాంటి సూచన లేని గుహల్లో గాలినీ, తేమనూ కొలుస్తూ ఉండటం ఇంకా అవసరం.