నక్క కాదు, నెత్తురు తాగదు

ఎన్‌సీఈఆర్‌టీ పదకొండో తరగతి జీవశాస్త్రంలో క్షీరదాల ఉదాహరణలు బట్టీ పట్టినవాళ్లకు ‘టెరోపస్’ గుర్తుండాలి. కంగారూకీ ఒంటెకీ మధ్య ఇరుక్కుని, పక్కన ‘ఎగిరే నక్క’ అన్న బిరుదుతో కనిపిస్తుంది. ఊరి చివర మర్రికో చింతకో పగలంతా నల్లసంచుల్లా వేలాడే పెద్ద గబ్బిలమే ఆ నక్క. కోలమూతి, నిక్కిన చెవులు, గుండ్రటి పెద్ద కళ్లు చూస్తే నక్క పోలిక నిజమే. తోక మాత్రం లేదు.

పేర్ల విషయంలో ఈ ప్రజాతికి జరిగినన్ని పొరపాట్లు మరో జీవికి జరిగి ఉండవు.

గబ్బిలాల క్రమం పేరు కైరోప్టెరా, అంటే ‘చేతిరెక్క’. వేళ్లు బారుగా సాగి, వాటి మధ్య చర్మం పరుచుకుంటే ఏర్పడిన రెక్క అది, కనుక పేరు అతికినట్టు సరిపోయింది. టెరోపస్ అంటే ‘రెక్కపాదం’. పేరు పెట్టినాయన చూపు ఎందుకో కాళ్ల మీద పడింది. ఆయన ఫ్రాన్స్‌కు చెందిన బ్రిసన్, సంవత్సరం 1762. ఆ ఘనత ఆయనదా, 1777లో రాసిన ఎర్క్స్‌లేబెన్‌దా అని చాలాకాలం తగువు నడిచింది. జంతునామాల అంతర్జాతీయ సంఘం 1998లో బ్రిసన్ పక్షాన తీర్పు చెప్పింది. మన కోర్టుల వాయిదాలు నయం!

బ్రిసన్‌కు నాలుగేళ్ల ముందే, 1758లో, వర్గీకరణకు బాట వేసిన లిన్నేయస్ ఒక పెద్ద గబ్బిలానికి ‘వ్యాంపైరస్’ అని పేరు పెట్టేశాడు. నిద్రపోయేవాళ్ల రక్తం తాగుతుందని అప్పటి నమ్మకం. ఆగ్నేయాసియాలో ఉండే ఆ జంతువు రెక్కలు చాస్తే మీటరున్నర పొడవు, తినేది పండ్లు, పువ్వులు, మకరందం. ముందు పెట్టిన పేరే చెల్లుతుందన్నది వర్గీకరణ నియమం కనుక ఆ శాకాహారి ఇప్పటికీ టెరోపస్ వ్యాంపైరస్ గానే బతుకుతోంది.

ఆ పేరు పెట్టిన పుస్తకంలోనే లిన్నేయస్ గబ్బిలాలను మనుషులతో, కోతులతో కలిపి ప్రైమేట్ల వరసలో కూర్చోబెట్టాడు. తర్వాతివాళ్లు లేపేశారు. అయితే 1986లో జాన్ పెట్టిగ్రూ అనే ఆస్ట్రేలియా శాస్త్రవేత్త మళ్లీ ఆ పీట వేశాడు. ఈ పండ్ల గబ్బిలాల కంటినుంచి మెదడుకు వెళ్లే నరాల అమరిక ప్రైమేట్లలాగే ఉందనీ, ఇవి ఎగరడం నేర్చిన మన చుట్టాలు కావచ్చుననీ ఆయన వాదన. ముచ్చటైన ఊహే. డీఎన్‌ఏ ఒప్పుకోలేదు.

ఒప్పుకోకపోగా ఇంకో పని చేసింది. పండ్లు తినే పెద్దవన్నీ ఒక పెట్టెలో, శబ్దాల ప్రతిధ్వనితో దారి కనుక్కునే చిన్నవన్నీ మరో పెట్టెలో సర్దుకున్న పాత లెక్కను చెరిపేసింది. పురుగులు తినే లాడపుముక్కు గబ్బిలాలు తోటి పురుగుల వేటగాళ్లకన్నా పండ్ల గబ్బిలాలకే దగ్గర బంధువులని తేలింది. అంటే ప్రతిధ్వని విద్య రెండుసార్లు విడివిడిగా పుట్టి ఉండాలి, లేదా ఒకసారే పుట్టి పండ్ల గబ్బిలాల్లో పోయి ఉండాలి. టెరోపస్‌కు ఆ విద్య లేదు. కళ్లతో చూసి, ముక్కుతో వాసన పట్టి బతుకుతుంది.

మన దేశపు పెద్ద గబ్బిలం చిరకాలం ‘టెరోపస్ గైగాంటియస్’, అంటే మహాకాయం. 2012లో ఒక పరిశోధకుడు పాత రాతలు తిరగేసి, ఆ పేరు నిజానికి వ్యాంపైరస్‌దేనని వాదించాడు. ఇప్పుడు మనది ‘టెరోపస్ మీడియస్’, అంటే మధ్యస్థం. ఒక్క గ్రాము తగ్గకుండానే హోదా తగ్గింది.

ఈ ప్రజాతిలో 60కి పైగా జాతులున్నాయి. ఎక్కువ భాగం దీవులవాసులే. టాంజానియా తీరానికి దగ్గర్లోని పెంబా దీవిలో ఉంటాయి, ఆ కాస్త నీళ్లు దాటి ఆఫ్రికా గడ్డమీద మాత్రం కాపురం పెట్టలేదు. ఎందుకో!

దీవి బతుకు ఒంటరిది, పోతే పూర్తిగా పోతుంది. సమోవాలో 1856లో పట్టిన ఒక గబ్బిలం మ్యూజియం అరలో ఉండిపోయింది. అది వేరే జాతి అని గుర్తించి పేరు పెట్టింది 2009లో. అప్పటికి అక్కడ ఆ జాతి మిగల్లేదు. బారసాల, తద్దినం ఒకేరోజు చేసినట్టు.

అరల్లో దాగినవాటి కథ మన పక్కనే ఇంకొకటుంది. 1948లో తమిళనాడు హైవేవీ కొండల్లో దొరికిన ఒక గబ్బిలానికి మామూలు కురుచముక్కు గబ్బిలమని చీటీ కట్టి ముంబైలో బాంబే నేచురల్ హిస్టరీ సొసైటీ (బీఎన్‌హెచ్‌ఎస్) సేకరణలో పెట్టారు. పాతికేళ్లు కావస్తుండగా కిట్టి తొంగ్‌లోంగ్యా అనే థాయ్ శాస్త్రజ్ఞుడు దాని వెడల్పాటి పళ్లు చూసి ఆగిపోయాడు. అది కొత్త జాతే కాదు, కొత్త ప్రజాతి! 1972లో దానికి ‘లాటిడెన్స్ సలీమాలీ’ అని పక్షుల పండితుడు సలీం అలీ పేరు పెట్టాడు. రెండేళ్లకే కిట్టి కన్నుమూశాడు. రెండు గ్రాముల బరువుండే ఓ బుల్లి థాయ్ గబ్బిలం ఆయన పేరు మోస్తోంది.

గుర్రం జాషువా ‘గబ్బిలం’లో శివుడి దగ్గరికి రాయబారం వెళ్లేది ఏ ప్రజాతి? అంటరానివాడన్న మనిషికి ప్రవేశం లేని గుళ్లోకి అది అడ్డులేకుండా వెళ్తుందన్నదే కావ్యానికి ఆయువుపట్టు. టెరోపస్ గుడిచీకట్లో కాపురముండదు, చెట్టుకొమ్మకే వేలాడుతుంది. కనుక ఇది కాదనే నా అనుమానం.

1972 వన్యప్రాణి సంరక్షణ చట్టం పండ్ల గబ్బిలాలను కాకులు, ఎలుకలతో కలిపి చీడల జాబితాలో వేసింది. సలీం అలీ గబ్బిలం ఒక్కటి తర్వాత అందులోంచి బయటపడింది. ఆ జాబితానే ఎత్తేయడానికి 2022 సవరణ దాకా పట్టింది. ఇప్పచెట్టు రాత్రిపూట తెల్లటి పూలతో ఎదురుచూసేది వీటికోసమే, పుప్పొడి చెట్టునుంచి చెట్టుకు చేరేది వీటి మొహానికంటుకునే. అలాంటిదానికి చీడ అన్న పేరు! చీడలా పెరిగిపోయేదీ కాదు, టెరోపస్ ఏడాదికి సాధారణంగా ఒక్క పిల్లనే కంటుంది.

దీనికి దాహమేస్తే చెరువుగట్టున వాలదు. నీటికి ఆనుకుని ఎగురుతూ పొట్టమీది బొచ్చు తడుపుకుంటుంది, తర్వాత కొమ్మకు తలకిందులుగా వేలాడి ఆ తడిని నాకుతుంది. పండును అంగిట్లో పెట్టి నలిపి రసం మింగి, పిప్పిని ఉమ్మేస్తుంది. తెల్లారి చెట్టుకింద పళ్లగాట్లతో ఎండిన పీచుముద్దలు కనిపిస్తే అవి రాత్రి జరిగిన విందు ఆనవాళ్లు.