చెరిపివేత, పునరారంభము

ముగిసిన ఆటను మొదటి నుండి మరల ఆడవలెనను కోరిక క్రొత్తది కాదు. పులిజూదములో మేకలన్నిటిని పోగొట్టుకొన్నవాడు కాయలను ప్రక్కకు త్రోసి, "ఇంకొక ఆట" అనును. ఆ ఆటకు 23 కూడళ్ళు, 3 పులులు, 15 మేకలు. అంతకంటె ఆస్తి లేదు. పాత మండపములలో బండమీద గీచిన గీతలు తరములు గడచినను నిలిచియుండును గాని, వానిపై ఎవరు గెలిచిరో, ఎవరు ఓడిరో చెప్పు గురుతు ఒక్కటియు ఉండదు. వామనగుంటలును అట్టివే. గింజలను గుంటలలో మరల సమముగా పంచిన క్షణమున నిన్నటి ఓటమి తుడిచిపెట్టుకొనిపోవును. ఆ ఆటలకు జ్ఞాపకము లేదు. అందుచేతనే వానికి పగయు లేదు.

చేతిలో ఇముడు ఆటయంత్రము సంగతి వేరు. అది నిన్నటి ఆటను దాచుకొనును. బాలుడు నడచిన దారి, గెలిచిన పోరాటములు, కూడబెట్టిన సామగ్రి, చివరకు అతడు పెట్టుకొన్న పేరు కూడ అందు భద్రముగా ఉండును. కావున అక్కడ ఆటను మొదటి నుండి ఆడుట అనగా ఉత్త ఆరంభము కాదు, ఉన్నదానిని చెరుపుట. ఈ చెరుపుటలో చదువుకొను పిల్లలకును, చదువు చెప్పు అయ్యవార్లకును ఆలోచింపదగిన విషయము కొంత కలదు.

యంత్రపు ఆటలకు జ్ఞాపకశక్తి ఒక్కనాడు వచ్చినది కాదు. 1990 దశకము నుండి మన బజారులలో విరివిగా అమ్ముడుపోయిన "బ్రిక్ గేమ్" అను చౌక యంత్రమును ఎరుగనివారు అరుదు. 1984లో మాస్కో నగరమున అలెక్సీ పజిత్నోవ్ రూపొందించిన టెట్రిస్ ఆటకు అది అనుకరణము. పైనుండి పడు ఇటుకలను వరుసలుగా పేర్చుటయే అందలి పని. బ్యాటరీలు ఊడదీసినంతనే దాని జ్ఞాపకమంతయు మాయము. 1986లో జపాను దేశమున వెలువడిన "డ్రాగన్ క్వెస్ట్" అను ఆట మరియొక ఉపాయము పన్నినది. ఆటగాడు విరమించునపుడు ఆటలోని రాజు అతనికి 20 అక్షరముల మంత్రమొకటి చెప్పును. దానిని కాగితముపై వ్రాసికొని, మరునాడు తప్పులేకుండ తిరిగి ఎక్కించినచో విడిచిన చోటు నుండి ఆట సాగును. ఒక్క అక్షరము తప్పినను ఆ మంత్రము పనిచేయదు. ఉక్తలేఖనములో అశ్రద్ధ చూపు విద్యార్థికి ఇంతకు మించిన శిక్ష ఎవరును విధింపలేదు!

"ది లెజెండ్ ఆఫ్ జెల్డా" అను ఆట 1987లో అమెరికాలో విడుదలైనపుడు, కార్ట్రిడ్జి అను ఆటపెట్టెలోనే చిన్న బ్యాటరీ నొకటి అమర్చిరి. దానితో మంత్రము వ్రాసికొను శ్రమ తప్పినది. 1889లో క్యోటో నగరమున పేకముక్కలు చేయు సంస్థగా పుట్టిన నింటెండో, సరిగా నూరేండ్ల పిమ్మట 1989లో "గేమ్ బాయ్" అను చేతియంత్రమును వెలువరించినది. దాని ఆటపెట్టెలలో అనేకములకు ఈ బ్యాటరీయే ప్రాణము. యంత్రమును ఆర్పిన తరువాత కూడ నాణెమువంటి ఆ లిథియము బిళ్ళ సన్నని విద్యుత్తును అందించుచు, జ్ఞాపకపు చిప్పను మేలుకొలిపి యుంచును. ఆ ధార ఆగినచో జ్ఞాపకమును ఆగును.

1996 ఫిబ్రవరి 27న జపానులో వెలువడిన "పోకెమాన్" ఆటలు ఈ యంత్రమునకు క్రొత్త జీవము పోసినవి. బాల్యములో పురుగులను పట్టి సేకరించిన అలవాటే సతోషి తజిరికి ఈ ఆటకు ప్రేరణమైనది. నూటయేబది విచిత్రజంతువులను వెదకి, పట్టి, పెంచుట అందలి లక్ష్యము. జెల్డా ఆటలో ముగ్గురు తమ తమ ఆటలను వేరువేరుగా దాచుకొను చోటు ఉండెను. పోకెమానులో ఒక్క ఆటకే చోటు. ఇంటిలో ఇద్దరు పిల్లలుండి, ఆటపెట్టె ఒక్కటే యైనచో, తమ్ముడు ఆడవలెనన్న అన్న ఆట చెరగవలసినదే. నెలల తరబడి పెంచిన జంతువులన్నియు ఒక్క మీటనొక్కుతో పోవును. ఎన్నో ఇండ్లలో అన్నదమ్ముల నడుమ కన్నీటికిని, కలహమునకును ఇది కారణమైనది.

ఆ ఆటను చేసినవారు ఈ ప్రమాదమును ఎరుగుదురు. దాచిన ఆటను మొత్తముగా తుడుచుటకు తెరమీద మీట ఏదియు కనబడదు. ఆట పేరు కనబడు సమయమున పైబాణము, సెలెక్ట్, బి అను మూడు మీటలను ఒక్కసారిగా నొక్కవలెను. అప్పుడు "దాచినదంతయు చెరుపవలెనా?" అను ప్రశ్న వచ్చును. దాని క్రింద మొదటి సమాధానము "వద్దు". "అవును" అనునది దాని తరువాతిది. తొందరపాటున నొక్కిన వేలు "వద్దు" మీదనే పడును. చెరుపకయే క్రొత్త ఆట మొదలిడినను పాతది వెంటనే పోదు. క్రొత్తదానిని దాచబోవునపుడు మాత్రమే, పాతది చెరిగిపోవును, సమ్మతమేనా అని యంత్రము మరల అడుగును. అంతవరకు మనసు మార్చుకొను అవకాశము కలదు. పెద్దలు కొందరు పిల్లల విషయమున ఈపాటి ఓర్పు చూపినచో ఎంత బాగుండును!

ఇంతకును చెరిగినదేమి, మిగిలినదేమి? జంతువులు పోయినవి, పతకములు పోయినవి, పేరు పోయినది. కాని మొదటిసారి నలుబది గంటలు పట్టిన దారి రెండవసారి అంతకాలము పట్టదు. ఏ గుహలో ఎటు తిరుగవలెనో కాలికి తెలిసినట్లే ఉండును; ఏ పోరాటమునకు ఏ జంతువు తగునో ముందే స్ఫురించును. యంత్రము మరచినది, ఆడినవాడు మరువలేదు. నిజమైన దాపరికము వాని బుద్ధిలోనే యున్నది.

వీధిబడి ఈ రహస్యమును ఏనాడో గ్రహించినది. ఆ బడిలో పిల్లవాడు ఇసుకలో అక్షరము దిద్దెడివాడు. అరచేతితో దానిని చదునుచేసి మరల దిద్దెడివాడు. పిమ్మట మార్కాపురము పలకలు వచ్చినవి. పలక నిండిన తరువాత తుడువక తప్పదు. బొగ్గు, ఆకుపసరు పూసి పలకకు నలుపు తెచ్చుట పిల్లలకొక పండుగ. నూరుమార్లు వ్రాసిన "అ" ఒక్కటియు పలకమీద మిగులదు. నూటయొకటవ "అ" మాత్రము చక్కగా వచ్చును. చెరిగిన వ్రాతలన్నియు చేతివ్రేళ్ళలో చేరినవి. నోటుపుస్తకములో తప్పును కొట్టివేసిన గీత ఏడాదిపొడుగునను వెక్కిరించుచుండును. పలకమీది తప్పు ఒక్క తుడుపుతో క్షమింపబడును.

పోకెమాను ఆడు పిల్లలు చెరుపుటకు ముందు ఒక యుక్తి పన్నుదురు. రెండు యంత్రములను తీగతో కలిపి, తమకు ప్రియమైన జంతువులను స్నేహితుని ఆటపెట్టెలోనికి పంపుదురు; తమ ఆటను చెరిపి, క్రొత్తగా మొదలిడి, వానిని తిరిగి తెచ్చుకొందురు. ఇక గెలుపు సులభమే యని తలతురు. అయితే అక్కడొక చిక్కు కలదు. క్రొత్త ఆటలో ఆటగాడు క్రొత్తవాడు. వచ్చిన జంతువు పరునిది. పతకమొక్కటియైన సంపాదింపని ఆటగాని మాటను 10వ స్థాయి దాటిన పరుని జంతువు లెక్కచేయదు. దాడిచేయుమన్న నిద్రపోవును, లేదా తన ఇష్టము వచ్చినట్లు తిరుగును. పతకములు వచ్చుకొలది దాని అవిధేయత తగ్గును. ఎరువు తెచ్చుకొన్న బలము ఏలికకు లొంగదని ఇంతకంటె స్పష్టముగా చెప్పుట కష్టము. తోటివాని పుస్తకము చూచి ఎక్కించుకొన్న లెక్క పరీక్షనాడు చేయు పని కూడ ఇదియే.

చెరుపుట ఇంత మంచిదైనచో దాచుట ఎందులకు? ఈ ప్రశ్నకు రాజంపేట పరిసరములు చక్కని సమాధానము చెప్పుచున్నవి. ఊరికి సమీపముననే తాళ్ళపాక గ్రామము కలదు. 1408లో అక్కడ జన్మించి 1503లో పరమపదించిన అన్నమాచార్యులు 32 వేల సంకీర్తనలు రచించెనని ప్రతీతి. వానిని తాళ్ళపాకవారు రాగిరేకులపై చెక్కించిరి. ఆ రేకులు తిరుమల ఆలయములోని సంకీర్తన భాండారమున చిరకాలము ఎవరి దృష్టికిని రాక పడియుండి, ఇరువదవ శతాబ్దమున వెలికివచ్చినవి. సాధు సుబ్రహ్మణ్యశాస్త్రి, వేటూరి ప్రభాకరశాస్త్రి, రాళ్ళపల్లి అనంతకృష్ణశర్మ వంటి పండితులు వానిని పరిష్కరించి ప్రకటించిరి. నాడు రాగిమీద చెక్కియుండనిచో, నేడు లభించుచున్న వేలకొలది కీర్తనలలో ఎన్ని మిగిలెడివో ఊహించుటయే కష్టము.

అయినను రాగిరేకు సర్వమును దాచలేదు. పాటను దాచినది, రాగము పేరును దాచినది, స్వరమును దాచలేదు. ఆ కీర్తనలను ఆనాడు ఏ వరుసలో పాడిరో తెలుపు గురుతులు అందు లేవు. కావున పాడవలసినవారు మొదటి నుండి మొదలిడవలసివచ్చినది. రాళ్ళపల్లివారు అనేక కీర్తనలకు స్వరములు కూర్చిరి. నేదునూరి కృష్ణమూర్తి, గరిమెళ్ళ బాలకృష్ణప్రసాద్ మొదలగువారు ఆ పనిని సాగించిరి. నేడు ఇంటింట వినవచ్చు వరుసలలో అనేకములు ఇట్లు ఇటీవల పుట్టినవే. పునరారంభములలో ఇది ఉత్తమజాతిది. వారు పూర్వులు దాచిన అక్షరమును చెరుపలేదు. చెరిగిపోయిన చోట తమ ప్రతిభను నింపిరి.

అదే రాజంపేట ప్రాంతము మరియొక విధమైన చెరిపివేతను కూడ చవిచూచినది. 2021 నవంబరు 19, కార్తిక పున్నమి. చెయ్యేటి వరద ఉధృతికి అన్నమయ్య ప్రాజెక్టు మట్టికట్ట తెగినది. పులపత్తూరు, మందపల్లి, తొగూరుపేట, గుండ్లూరు గ్రామములమీద నీరు విరుచుకుపడినది. మనుష్యులు కొట్టుకొనిపోయిరి, ఇండ్లు కూలినవి, పశువులు పోయినవి. నీరు తీసిన తరువాత పైరులున్న పొలములలో ఇసుకమేటలు మిగిలినవి. అక్కడ ఏ తెరయు "చెరుపవలెనా?" అని అడుగలేదు, "వద్దు" అనుటకు మీట లేదు. ఇల్లు, పొలము, ఆత్మీయులు పోయినవారితో "మరల మొదలిడుడు" అనుట ఎంత తేలికయో, వారు మొదలిడుట అంత దుర్భరము. పలక తుడిచిన బాలునికి చేతిలో నేర్పు మిగులును. రైతుకును సేద్యపు నేర్పు మిగిలినది. ఆ నేర్పును చూపుటకు నేల కావలెను గదా! ఇసుకను ఎత్తివేయుటకు తోడుచేయి, ఇల్లు నిలుపుటకు ధనము, అన్నిటికంటె ముందు పోయినదానిని తలచి ఏడ్చుటకు వ్యవధి కావలెను. అట్టివారికి నీతివాక్యము సహాయము కాదు.

చెరిగిపోవుట యనునది ఒక్కటిగా కనబడినను మూడు తెరగులు. తనదానిని తాను చెరుపుకొనుట మొదటిది, అది అభ్యాసము. పరునిదానిని అనుమతి లేక చెరుపుట రెండవది, అది అపరాధము. తమ్ముడు అన్న ఆటను తుడిచినను, మానవుని అజాగ్రత్త ఒక ఊరిని తుడిచినను, పరిమాణమే వేరు గాని జాతి ఒక్కటే. ఎవరును చెరుపకయే కాలము చెరుపుట మూడవది. 1990 దశకపు ఆటపెట్టెలలోని లిథియము బిళ్ళలు ఇప్పుడొక్కొక్కటే ఆరిపోవుచున్నవి. నాటి బాలుడు పెద్దవాడై, పెట్టె తెరచి యంత్రము వెలిగించి చూచునప్పటికి తన పాత పేరు అందు లేదు. బిళ్ళను మార్చవచ్చును, ముందే వేరొకచోట నకలు తీసియుంచనిచో ఆ ఆట మాత్రము తిరిగి రాదు. ఈ మూడవదానికి జాగ్రత్త యొక్కటే మందు. తాళ్ళపాకవారు రాగిరేకులతో చేసిన పని అదియే.

ఉపాధ్యాయులు ఈ భేదమును మనసునందుంచుకొనవలెను. పదవతరగతి పరీక్షలో ఒక విషయము తప్పిన విద్యార్థి అనుబంధ పరీక్షలో ఆ విషయమునే వ్రాయును. నెగ్గిన విషయములను మరల వ్రాయనక్కరలేదు. పరీక్షాశాఖవారే నెగ్గినదానిని దాచి, తప్పినదానిని మాత్రము చెరుపుకొనుటకు అవకాశమిచ్చుచున్నారు. ఇంటిలోను, బడిలోను పెద్దలు మాత్రము ఒక్క తప్పుతో బాలుని మొత్తము ఆటను తుడిచివేయుదురు; "నీవు దేనికిని పనికిరావు" అందురు. ఆ మాట అనుటకు ముందు తెరమీద ప్రశ్న ఏదియు రాదు. అనిన తరువాత దానిని తిరిగి తెచ్చుకొను తీగయు లేదు.

విద్యార్థులు గ్రహింపవలసినది ఇంకను సులభము. చెరుపబోవునది తనదేనా యని మొదట చూచుకొనవలెను. తనదే యైనచో భయపడనక్కరలేదు. పలక నల్లగా నున్నంత మాత్రమున నేర్చినది పోలేదు. పరులదైనచో, అది ఎంత చిన్న ఆటయైనను, చేయి వెనుకకు తీసికొనవలెను.