వార్తల్లో పదం: ఆర్కైవ్ ఫుటేజ్

బయోపిక్‌లు, డాక్యుమెంటరీల వార్తల్లో తరచూ కనిపిస్తున్న మాట ఇది. వేరే సందర్భంలో ఎప్పుడో చిత్రీకరించి భద్రపరిచిన దృశ్యాలను కొత్త చిత్రంలో వాడుకుంటే, ఆ దృశ్యాలే ఆర్కైవ్ ఫుటేజ్. దర్శకుడు ముందు కావలసిన భాగాన్ని వెతికిస్తాడు. హక్కుదారుల అనుమతి తీసుకుని, నెగెటివ్‌నో ప్రింటునో స్కాన్ చేయించి ఎడిటింగ్‌లో కలుపుతాడు. నరసాపురం దగ్గరి మొగల్తూరు నుంచి వచ్చిన నటుడు కృష్ణంరాజు మీద డాక్యుమెంటరీ తీయాలనుకుందాం. ఆయన తొలి చిత్రం ‘చిలకా గోరింకా’ 1966లో విడుదలైంది. 1957 కాపీరైట్ చట్టం ప్రకారం సినిమా మీద హక్కు విడుదలైన మరుసటి ఏడాది నుంచి 60 ఏళ్లు, అంటే ఈ చిత్రానికి 2026 చివరి వరకు ఉంటుంది. పాటల రచన, సంగీతం హక్కుల లెక్క వేరు. అనుమతి దొరికినా రీలు మిగిలి ఉండాలి: 1921 నాటి మూకీ ‘భీష్మ ప్రతిజ్ఞ’ ఇప్పుడు చూద్దామన్నా లేదు. పుణెలో 1964లో జాతీయ ఫిల్మ్ ఆర్కైవ్‌ను నెలకొల్పింది ఇలాంటి నష్టాన్ని ఆపడానికే.

నటులతో మళ్లీ తీస్తే సరిపోదా అనేవారున్నారు. ‘మహానటి’ (2018) చిత్రం నటి సావిత్రి సన్నివేశాలను అలాగే పునఃసృష్టించి మెప్పించింది. అయితే అందులో కనిపించేది దర్శకుడి ఊహ. పాత రీలులో ఉన్నది ఆనాడు కెమెరా ముందు నిజంగా జరిగినది. అలాగని అదీ సంపూర్ణ సత్యం కాదు. కెమెరా ఎటు తిప్పారు, ఎక్కడ కత్తిరించారు, పైన ఏ వ్యాఖ్యానం జోడించారన్న దాన్నిబట్టి అర్థం మారిపోతుంది. కాబట్టి దృశ్యంతోపాటు తేదీ, మూలం తెరమీద వేశారా అన్నది ప్రేక్షకుడు గమనించాలి.