గవ్వలో గరళం

గవ్వలంటే మనకు చిన్ననాటి నేస్తాలు. పచ్చీసు ఆటకు గవ్వలు, పండుగనాడు పిండివంటల్లో తీపి గవ్వలు, అద్దాల బీరువాలో సముద్రపు గవ్వలు - ఇవి లేని తెలుగు లోగిలి వుంటుందా? అయితే ఆ గవ్వల చుట్టాల్లో ఒకటి విషంలో నాగుబాముకు ఏమాత్రం తీసిపోదు సుమా!

దాని శాస్త్రీయనామం కోనస్. ఒకవైపు వెడల్పుగా, రెండోవైపు సన్నంగా శంకువులా వుంటుంది. పైన పట్టుచీర అంచువంటి నగిషీ! 1650లో డచ్చి చిత్రకారుడు రెంబ్రాంట్ అంతటివాడు దీని బొమ్మ చెక్కి అచ్చువేశాడు. ప్రపంచంలో 700కు పైగా రకాలున్నాయి. 1968లో జపాను శాస్త్రజ్ఞుడు ఒకుతాని వర్ణించిన ఒక రకానికి మన బంగాళాఖాతం పేరే పెట్టారు - కోనస్ బెంగాలెన్సిస్ అని.

నత్తకు పరుగు లేదు, చేపకు వుంది. మరి నత్త చేపను పట్టేదెలా? పగలు ఇసుకలో దాగి, రాత్రి బయటికి వస్తుంది. చేప దగ్గరకు రాగానే తొండం చాస్తుంది. తొండం కొసన డాక్టరుగారి సూదిలా బోలుగా వుండే పన్ను వుంటుంది. అది గుచ్చుకున్న క్షణాల్లో చేప కదలక పడిపోతుంది. కొన్ని రకాలు పురుగులను, కొన్ని తోటి నత్తలను తింటాయి. మనిషికి ముఖ్యంగా ప్రమాదం చేపలను తినేవాటితోనే. 1935లో ఆస్ట్రేలియాలోని హేమన్ దీవిలో కోనస్ జియోగ్రఫస్ కుట్టి ఒక యువకుడు మరణించాడు.

కార్తీకమాసంలో మా పలాస, టెక్కలి వారు జీడితోటల్లో వనభోజనాలు చేసి, భావనపాడుకో, మహేంద్రతనయ సముద్రంలో కలిసే బారువకో వెళుతుంటారు. పెద్దలు స్నానాలు చేస్తుంటే పిల్లలు గవ్వలేరుతారు. ఒకసారి మా మేనల్లుడు తడి గవ్వనొకదాన్ని జేబులో వేసుకోబోతుంటే, వలల దగ్గరున్న ముసలమ్మ, “బాబూ! పేణమున్నదేమో సూసి ముట్టు!” అని కేకవేసింది. ఎంత మంచి మాట! ఖాళీ గవ్వతో భయం లేదు. లోపల ప్రాణి వున్న శంకు గవ్వను మాత్రం ఏ కొసన పట్టుకున్నా క్షేమం కాదు. ఆ తొండం వెనక్కు కూడా తిరుగుతుంది.

కుడితే? ఈ విషానికి విరుగుడు మందు లేదు. గాయాన్ని కోయడం, నోటితో పీల్చడం కూడదు. బిగువుగా కట్టుకట్టి, కాలుచెయ్యి కదలనివ్వకుండా వెంటనే ఆస్పత్రికి చేర్చాలి. ఊపిరాడించే కండరాలు చచ్చుబడితే, విషం విరిగేదాకా కృత్రిమశ్వాసే ప్రాణం నిలుపుతుంది.

ఇంత గరళంలోనూ అమృతం వున్నది! ఫిలిప్పీన్సులో పుట్టిన ఆచార్య ఒలివేరా అమెరికాలో ఈ విషాలను పరిశోధించారు. 1979లో ఆయన ప్రయోగశాలలో మైకేల్ మెకింతోష్ అనే విద్యార్థి, కోనస్ మేగస్ విషంలో ఒక పదార్థాన్ని కనుగొన్నాడు. దాని నమూనాగా తయారైన జికొనోటైడ్‌ను 2004లో అమెరికా ప్రభుత్వం అనుమతించింది. ఏ మందుకూ లొంగని తీవ్రమైన నొప్పికి దాన్ని వెన్నుపాము చుట్టూ వుండే ద్రవంలోకి ఎక్కిస్తారు. మన దేశంలోనూ బెంగుళూరులో ఆచార్య బలరాం, బొంబాయిలో ఆచార్య కె.ఎస్. కృష్ణన్ బృందాలు మన తీరపు కోనస్ విషాలను శోధించాయి.

కనుక తల్లులారా, ఈసారి సముద్రానికి వెళ్ళినప్పుడు పిల్లలను గవ్వలేరుకోనివ్వండి. బతికివున్న శంకు గవ్వను మాత్రం కళ్ళతో చూసి, దాని ఇసుకలో దాన్ని వుండనిమ్మని చెప్పండి.