గుడి, చెరువు, మడుగు: ఒక దినపు విజ్ఞానయాత్ర

మెక్సికో దేశంలో యుకటాన్ అనే ద్వీపకల్పం ఉన్నది. అచ్చటికి వెళ్ళిన యాత్రికులను మార్గదర్శకులు తెల్లవారుజామున బండి ఎక్కించి, మధ్యాహ్నంలోగా మయ జాతివారి శిథిల నగరమైన చిచెన్ ఇట్జా చూపి, ఆపై ప్రకృతిసిద్ధమైన ఒక మడుగులో ఈతకు దింపి, చీకటి పడేసరికి బసకు చేరుస్తారు. ఈ యాత్ర చిత్రాలను ఫోనులలో చూసిన మన విద్యార్థులు కొందరు, మన వైపు ఇటువంటివి లేవా అని అడుగుతున్నారు. ఉన్నవి. జనగామ నుండి ఉదయం బయలుదేరి రాత్రికి తిరిగి రాదగినంత దూరంలోనే ఉన్నవి. అయితే అక్కడి మడుగుకూ ఇక్కడి చెరువుకూ ఒక ముఖ్యమైన భేదం ఉన్నది. దానిని తెలిసికొని వెళితేనే ఈ ప్రయాణం సార్థకమవుతుందని మా అభిప్రాయం.

యుకటాన్ ఉత్తర భాగంలో నేల మీద పారే నదులు దాదాపు లేవు. అక్కడి నేల సున్నపురాయి. వాన నీరు ఆ రాతిని కొద్దికొద్దిగా కరిగించుకుంటూ భూగర్భంలోకి దిగి, అక్కడ గుహలను తొలుస్తుంది. కొంతకాలానికి గుహ పైకప్పు కూలి, అడుగున స్వచ్ఛమైన నీటితో పెద్ద బావి వంటి మడుగు బయటపడుతుంది. వీటినే అక్కడివారు సెనోటెలు అంటారు. ఆరున్నర కోట్ల సంవత్సరాలకు పూర్వం ఆకాశం నుండి పడిన మహాశిల చేసిన గుంట అంచు వెంబడి ఇవి చాపం వలె వరుసగా ఏర్పడినవని శాస్త్రజ్ఞులు గుర్తించారు. నీరు అక్కడ మాత్రమే దొరికేది గనుక మయ ప్రజలు మడుగు ఉన్నచోట ఊరు కట్టారు. చిచెన్ ఇట్జా అనే పేరుకు అర్థమే ‘ఇట్జాల బావి ముఖద్వారం’. నీరు ముందు, నగరం తరువాత.

మన కాకతీయుల సీమలో ఈ క్రమం వేరుగా నడిచింది. ఇక్కడ వాన కురుస్తుంది, వాగు పారుతుంది, రెండు నెలలకు ఎండిపోతుంది. నిలిచే నీరు ప్రకృతి ఇవ్వలేదు. మనుషులే నిలిపారు. రెండు గుట్టల నడుమ మట్టికట్ట పోసి, వాగును ఆపి, పొలాలకు నీరు వదలడానికి తూములు అమర్చి, మిగులు నీరు కట్ట తెగకుండా పొర్లిపోవడానికి మత్తడి కట్టారు. చెరువు త్రవ్వించడం సప్తసంతానాలలో ఒకటిగా ఎంచిన కాలమది. పాలకుడైనా, సేనాని అయినా గుడి కట్టించినచోట తరచుగా చెరువు కూడ త్రవ్వించాడు. ఊరు, గుడి, చెరువు అనే మూడూ కలిసి ఒకే నిర్మాణమని భావించవచ్చు. కనుక మా లెక్కలో యాత్ర గుడి వాకిట గాక చెరువు కట్ట మీద మొదలు కావాలి.

జనగామ నుండి వరంగల్లు, అచ్చటి నుండి ములుగు మీదుగా పాలంపేట చేరవచ్చు. వరంగల్లు నుండి సుమారు 65 కిలోమీటర్లు. ఈ గ్రామం పూర్వం వరంగల్లు జిల్లాలోను, 2016 నుండి భూపాలపల్లి జిల్లాలోను ఉండి, 2019లో ములుగు జిల్లాలోకి వచ్చింది. పాత పుస్తకాలలో జిల్లా పేరు వేరుగా కనిపిస్తే తికమక పడనవసరం లేదు.

ముందుగా రామప్ప చెరువు కట్ట ఎక్కి నిలబడండి. ఒకవైపు గుట్టల మధ్య నీరు, మరొకవైపు ఆ నీటితో పండే వరిపొలాలు. గణపతిదేవుని సేనాని రేచర్ల రుద్రుడు సుమారు ఎనిమిది వందల సంవత్సరాల క్రిందట చేసిన పని నేటికీ పనిచేస్తూనే ఉన్నది. చెరువు అడుగు భూమిని మన రైతులు ‘శిఖం’ అంటారు. ఇది ఫార్సీలో కడుపు అనే అర్థం గల ‘షికమ్’ నుండి వచ్చిన మాట. చెరువు కడుపు అన్నమాట. వానకాలపు వరికి ‘ఆబీ’ అనీ, ఎండకాలపు వరికి ‘తాబీ’ అనీ పెద్దలు వాడే మాటలలో నీరు అనే ‘ఆబ్’, ఎండకాలమనే ‘తాబిస్తాన్’ దాగి ఉన్నవి. కాకతీయులు కట్టిన చెరువు క్రింద ఆసఫ్‌జాహీల కాలపు లెక్కల మాటలతో తెలుగు రైతు సేద్యం చేస్తున్నాడు. ఉర్దూ, తెలుగు రెండూ చదివే మన విద్యార్థులకు ఇంతకంటె మంచి భాషాపాఠం తరగతి గదిలో చెప్పడం మాకు చేతగాదు.

తరువాత గుడి. అక్కడి శాసనం ప్రకారం రుద్రేశ్వరాలయం 1213లో వెలసింది. రామప్ప అనే శిల్పి పేరు మీదుగా గుడికి ఆ పేరు వచ్చినదని మార్గదర్శకులు చెబుతారు. అది జనశ్రుతి, శాసనం స్తుతించేది రేచర్ల రుద్రుని. ఎర్రని ఇసుకరాతి కట్టడానికి అంచులలో నల్లరాతి మదనికలు అమర్చారు. ఎనిమిది శతాబ్దాల ఎండవానల తరువాత కూడ ఆ నలుపు మీది నునుపు తగ్గలేదు. ఎత్తు మడమల పాదరక్షలు ధరించిన ఒక మదనిక దగ్గర ప్రతి గుంపూ ఆగి నవ్వుకుంటుంది. నవ్వుకోవచ్చు, కాని అక్కడే పావుగంట గడపవద్దు. గణపతిదేవుని గజసాహిణి జాయప సేనాని నృత్తరత్నావళి అనే నాట్యశాస్త్ర గ్రంథాన్ని రచించినది కూడ ఆ 13వ శతాబ్దిలోనే. ఆ గ్రంథాన్నీ ఈ శిల్పాలనూ ఆధారంగా చేసికొనియే నటరాజ రామకృష్ణగారు పేరిణి నృత్యాన్ని మన కాలంలో పునరుద్ధరించారు.

విజ్ఞానశాస్త్ర విద్యార్థులు రెండు సంగతులు గమనించాలి. మొదటిది పునాది. గోతిని ఇసుకతో నింపి దాని మీద కట్టడం నిలిపారు. భూమి కంపించినపుడు ఆ ఇసుక మెత్తవలె పనిచేసి అదురును చాలవరకు తానే మ్రింగుతుంది. రెండవది శిఖరం. దానికి వాడిన ఇటుక నీటిలో తేలుతుంది. ఇందులో మహిమ లేదు. బంకమట్టిలో ఊక వంటి పదార్థం కలిపి కాల్చితే, ఆ పదార్థం బూడిదై పోయి ఇటుక నిండా సన్నని గాలిగదులు మిగులుతాయి. అంత పరిమాణం గల నీటికంటె ఇటుక తేలిక అవుతుంది గనుక తేలుతుంది. పైభారం తగ్గితే క్రింది స్తంభాల మీద ఒత్తిడి తగ్గుతుంది. ఈ విద్యను, శిల్పాన్ని, పరిసరాలను గమనించి యునెస్కోవారు 2021 జూలై 25న దీనిని ప్రపంచ వారసత్వ కట్టడాల జాబితాలో చేర్చారు.

అక్కడి నుండి సుమారు పది కిలోమీటర్ల దూరంలో, భూపాలపల్లి జిల్లాలో గణపురం ఉన్నది. కోటగుళ్ళు అని వాడుక. రాతి ప్రాకారం నడుమ ఇరవై రెండు గుడుల సముదాయం. శిథిలం అనే మాటకు అర్థం తెలియాలంటే రామప్పకంటె ఇదే చూడాలి. ఒరిగిన స్తంభాలు, విడిపోయిన దూలాలు, గజకేసరి శిల్పాలు. ఇక్కడ ఒక్క కుంగిన స్తంభం ముందు నిలబడి, భారం ఎటు పోయింది, కీలు ఎక్కడ విడింది అని ఆలోచించిన విద్యార్థికి ఇంజనీరింగు పుస్తకంలోని బొమ్మ తరువాత తేలికగా బోధపడుతుంది. ఊరి ప్రక్కనే గణపసముద్రం చెరువు. గుడులు కూలినవి, చెరువు నిలిచినది. ఎందుకనగా గుడిని కొలిచే రాజవంశం 1323లో అంతరించినా, చెరువు మీద బ్రదికే రైతు అంతరించలేదు. ఏటేటా కట్టకు మట్టి పోసినవాడు అతడే. ఆ అలవాటు సడలిన తరువాత చెరువులు పూడిపోయినవి. 2015లో రాష్ట్ర ప్రభుత్వం మిషన్ కాకతీయ పేరున పూడిక తీయించ పూనుకొన్నది. సెనోటెను ఎవరూ కట్టలేదు గనుక కట్టకు మట్టి పోసే పని అక్కడ లేదు. చెరువును ఒక్క తరం మరచినా మత్తడి బీటలిచ్చి, తూము పూడి, నీరు వాగున పడి పోతుంది. మేము పైన చెప్పిన భేదం ఇదే.

వేళ మిగిలితే రేగొండ వైపు పాండవుల గుట్టలు చూడవచ్చు. 1990లో వెలుగులోకి వచ్చిన ఆ రాతి గుహలలో ఆదిమానవులు రంగులతో గీసిన జంతువుల బొమ్మలు ఉన్నవి. వాటిని తడి గుడ్డతో తుడిచి చూడడం, సున్నంతో చుట్టు గీయడం ఎంత మాత్రం తగదు.

ఇక మడుగుల మాట. దీనికి మరొక దినం, మరొక దారి కావాలి. మహబూబాబాద్ జిల్లాలో గూడూరు మండలం సీతానగరం దగ్గర భీమునిపాదం జలపాతం ఉన్నది. బయ్యారం ప్రాంతపు అడవులలో ఏడుబావులు ఉన్నవి. బయ్యారం వెళ్ళినవారు ముందుగా చూడవలసినది పెద్దచెరువును. దానిని త్రవ్వించినది గణపతిదేవుని సోదరి మైలమ. ఆమె అక్కడ వేయించిన శాసనం లేకపోతే కాకతీయుల తొలి తరాల వంశక్రమం మనకు ఇంత స్పష్టంగా తెలిసేది కాదు. ఆ శాసనమే కాకతి అనే ఊరి నుండి వంశానికి ఆ పేరు వచ్చినదని చెబుతున్నది. చరిత్ర చదివే మన విద్యార్థినులు ఈ మాట గుర్తుంచుకోవాలి: ఒక రాజవంశపు చరిత్రకు మూలాధారమైన రాత ఒక స్త్రీ త్రవ్వించిన చెరువు దగ్గర దొరికింది.

ఏడుబావులు మనుషులు త్రవ్విన బావులు కావు. బండ మీద పారే నీటిలో గులకరాళ్ళు సుడి తిరిగి, ఏండ్ల తరబడి బండను తొలిచి చేసిన గుండాలు. చూడడానికి అందంగా ఉంటాయి. అక్కడ దిగిన యువకులు ప్రాణాలు కోల్పోయిన వార్తలు పత్రికలలో పలుమార్లు వచ్చినవి. ఈత వచ్చినవారు కూడ ఎందుకు మునుగుతారో కొంచెం వివరిస్తాము. సుడి తొలిచిన గుండం పైన ఇరుకుగా, లోపల వెడల్పుగా ఉండవచ్చు. అంచు నున్నగా, పాచి పట్టి ఉంటుంది. చేతికి పట్టు దొరకదు. పైన అడవిలో వాన పడితే, ఇక్కడ ఆకాశం తేటగా ఉన్నా, ప్రవాహం హఠాత్తుగా పెరుగుతుంది. అన్నిటికంటె మోసమైనది జలపాతం క్రింది నురుగు. నురుగు అనగా గాలి కలిసిన నీరు. గాలి కలిసిన కొద్దీ నీటి సాంద్రత తగ్గి, మనిషిని తేల్చే శక్తి తగ్గుతుంది. రామప్ప ఇటుకలో గాలి ఉన్నది గనుక ఇటుక తేలింది. ఇక్కడ గాలి నీటిలో ఉన్నది గనుక మనిషి మునుగుతాడు. సూత్రం ఒక్కటే. చిచెన్ ఇట్జాలోని పవిత్ర మడుగులో కూడ యాత్రికులను ఈతకు దింపరు; ఈత వేరే మడుగులలో, కాపలా ఉన్నచోట. కావున మన యాత్రలో మడుగు చూడడానికే గాని దిగడానికి కాదు. ఈ విషయంలో బ్రతిమాలినా ఒప్పుకోము. ఏడుబావులకు అటవీశాఖవారు ప్రవేశం నిషేధించిన సందర్భాలు ఉన్నవి గనుక, వారి అనుమతి చేతికి వచ్చిన తరువాతనే ఆ దారి పట్టాలి.

కొందరు తల్లిదండ్రులు, మన పిల్లలకు గుడుల యాత్ర ఎందుకు అని అడుగుతారు. ఆ ప్రశ్నను మేము తప్పు పట్టము. జవాబుగా ఒక పేరు చెబుతాము. హైదరాబాదు రాజ్యంలో 1914లో పురావస్తుశాఖ ఏర్పడినపుడు దానికి అధిపతి అయిన గులాం యజ్దానీ గారు పాలంపేట గుడులపై ఆంగ్లంలో ఒక గ్రంథం వ్రాశారు. అది 1922లో వెలువడింది. అజంతా చిత్రాల మీద నాలుగు సంపుటాలు వెలువరించినవారు కూడ ఆయనే. రాయి మీది రాతను చదవడం, చెదరిన రాతిని కాపాడడం విద్యావంతుని పని అని ఆయన జీవితం చూపింది. రామప్పలో నేటికీ పూజ జరుగుతున్నది గనుక పాదరక్షలు బయట విడిచి, గర్భగుడి దగ్గర భక్తులకు అడ్డు నిలువకుండా, మంటపంలోను ప్రదక్షిణ మార్గంలోను నిశ్శబ్దంగా చూస్తే చాలు. స్వరాలు పలుకుతుందని చెప్పే శిల్పాన్ని గోటితో గాని నాణెంతో గాని తట్టరాదు. రక్షిత కట్టడం మీద పేరు చెక్కినవారికి 1958 నాటి చట్టం, 2010 సవరణ ప్రకారం, రెండేండ్ల వరకు కారాగారం గాని, లక్ష రూపాయల వరకు జుర్మానా గాని, రెండూ గాని విధించవచ్చు.

కళాశాల కమిటీవారికి మా విన్నపం ఇంతే. మొదటి యాత్ర డిసెంబరు లేక జనవరిలో ఒక ఆదివారం పెట్టాలి. అప్పటికి వానలు వెనుకబడి, చెరువులలో నీరు ఇంకా నిండుగా ఉంటుంది. విద్యార్థినులతో ఇద్దరు అధ్యాపికలు తప్పక రావాలి. ఉదయం ఆరు గంటలకు జనగామ విడిచి, తొమ్మిదిన్నరకు రామప్ప కట్ట చేరాలి. గుడికి రెండు గంటలు, గణపురానికి గంటన్నర. భోజనాలు గుడి ఆవరణలలో కాక చెరువు గట్టు దిగువ చెట్ల నీడన పెట్టుకుందాము. జుహర్ నమాజు చేసికొనేవారికి అక్కడ చోటూ నీరూ రెండూ ఉంటాయి. విస్తళ్ళు, సీసాలు తిరిగి మూట కట్టి బండిలో వేసుకొని రావాలి. ప్రతి విద్యార్థి ఒక నోటుపుస్తకం తెచ్చి, ఒక తూము బొమ్మ, ఒక స్తంభం బొమ్మ గీయాలి. వాటిలో మంచివి వచ్చే సంచికలో అచ్చు వేయిస్తాము.